వకీలు శాసనసభ వైపు చూస్తున్నప్పుడు: ఏ దారి ఎవరికి తగినది

ఎన్నికలకు ఏడాదిన్నర ముందు నుంచే జిల్లా కోర్టు బార్ గదిలో మాటల తీరు మారుతుంది. అప్పటిదాకా ఇంజంక్షన్ పిటిషన్ల గురించి, కొత్తగా వచ్చిన జడ్జిగారి పద్ధతి గురించి మాట్లాడుకునేవారు టికెట్ల గురించి, సర్వేల గురించి మాట్లాడుకోవడం మొదలుపెడతారు. సరిగ్గా ఆ రోజుల్లోనే ఆరేడేళ్ళ ప్రాక్టీసు ఉన్న జూనియర్లలో ఒకరో ఇద్దరో సాయంత్రం చాంబర్‌కు వచ్చి, కక్షిదారులందరూ వెళ్ళేదాకా కూర్చుని, “సార్, పార్టీలో తిరగమంటారా, ఫైళ్ళు చూసుకోమంటారా?” అని అడుగుతారు. తెలంగాణలోని ఒక జిల్లా కేంద్రంలో ముప్పై ఏళ్ళుగా సివిల్ దావాలు నడుపుతున్నవాడిగా నేను ఈ ప్రశ్నకు చాలాసార్లు జవాబు చెప్పాను. ఒక్కొక్కరికి ఒక్కో సాయంత్రం చెప్పినదాన్ని ఇక్కడ ఒకచోట చేర్చి రాస్తున్నాను, ఎందుకంటే అడిగేవారిలో చాలామందికి తమ ముందున్న దారులు రెండు కావు, ఆరు అన్న సంగతే తెలియదు.

ముందుగా ఒక విషయం తేల్చుకోవాలి. మీకు ఇష్టమైనది కేసా, సెక్షనా? ఈ తేడా నాకు అర్థమైంది ఒక ముసలి రైతు దావాలో. ఆయన తన పట్టాదారు పాసుపుస్తకాన్ని యూరియా సంచి నుంచి కత్తిరించిన ప్లాస్టిక్ ముక్కలో చుట్టి తెచ్చాడు. పాత పుస్తకంలో 2 ఎకరాల 10 గుంటలు ఉంటే కొత్త రికార్డులో 1 ఎకరం 20 గుంటలే ఎక్కింది. మండల కార్యాలయంలో అడిగితే ఆ ఆప్షన్ తమ లాగిన్‌లో లేదన్నారు. పైకి వెళ్ళి ఇచ్చిన దరఖాస్తు కారణం లేకుండా తిరస్కరణకు గురైంది. 2020 నాటి తెలంగాణ భూమి హక్కుల, పట్టాదారు పాసుపుస్తకాల చట్టం రెవెన్యూ కోర్టులను రద్దు చేసింది, కానీ వాటి స్థానంలో అప్పీలు వినే అధికారిని చూపలేదు. కాబట్టి ముప్పావు ఎకరం కోసం ఆ రైతు హక్కు ప్రకటన దావా వేయవలసి వచ్చింది. సమన్లు, వకాలత్, లిఖితపూర్వక వాదన, అడ్వొకేట్ కమిషనర్, సర్వేయర్ నివేదిక, అభ్యంతరాలు అన్నీ వరుసగా నడిచాయి, వాయిదాకు ఒకసారి ఆయన ఊరి నుంచి బస్సెక్కి వచ్చేవాడు. 2024 డిసెంబరులో శాసనసభ ఆమోదించి 2025 ఏప్రిల్ 14న అమల్లోకి వచ్చిన భూభారతి చట్టం ఆర్డీఓకు, ఆపైన కలెక్టరుకు అప్పీలు చేసుకునే వీలు కల్పించింది. నేను ఏళ్ళ తరబడి ఒక్క మనిషి కోసం చేస్తున్న పనిని ఒక సెక్షన్ రాష్ట్రంలోని రైతులందరి కోసం చేసింది. ఆ సెక్షన్ 2020లోనే ఎందుకు లేదు, బిల్లు సభకు వచ్చిన రోజున “ఇందులో అప్పీలు ఏదీ?” అని పట్టుబట్టి అడిగే వకీళ్ళు సభలో ఎంతమంది ఉన్నారు అన్న ఆలోచన అప్పటి నుంచి నన్ను వదలలేదు. ఇలాంటి ఆలోచన మిమ్మల్ని కూడా నిద్రపోనివ్వకపోతే శాసనసభ గురించి ఆలోచించడం న్యాయమే. మీకు ఆనందాన్నిచ్చేది క్రాస్ ఎగ్జామినేషన్‌లో సాక్షి తడబడే క్షణమైతే మాత్రం, ఆ ఆనందం శాసనసభలో దొరకదు.

మొదటి దారి: కోర్టులోనే ఉండిపోవడం

దీన్ని ఓటమిగా చూసేవారు ఉన్నారు, అది తప్పు. చట్టాన్ని బయటి నుంచి మార్చిన న్యాయవాదుల ఉదాహరణ మన కళ్ళముందే ఉంది. ఆంధ్రప్రదేశ్ భూ హక్కుల చట్టం 2023 అక్టోబరు చివర అమల్లోకి వచ్చినప్పుడు, సివిల్ కోర్టుల పరిధి నుంచి భూవివాదాలను తప్పిస్తున్న సెక్షన్లను మొదట చదివి ప్రజలకు చెప్పింది ఆ రాష్ట్రంలోని బార్ అసోసియేషన్లే. జిల్లా జిల్లాలో విధులు బహిష్కరించారు, నిరాహార దీక్షలు చేశారు, హైకోర్టుకు వెళ్ళారు. 2024లో అది ఎన్నికల అంశమైంది, ఎన్నికల తరువాత కొత్త శాసనసభ ఆ చట్టాన్ని రద్దు చేసింది. ఆ చట్టం మంచిదా చెడ్డదా అన్నదానిపై భిన్నాభిప్రాయాలుండవచ్చు. సభలో ఒక్క ఓటు కూడా లేని వకీళ్ళు ఒక చట్టం తలరాతను మార్చగలిగారన్నది మాత్రం కాదనలేని సంగతి.

అయితే ఈ దారికి ఓర్పు కావాలి. జిల్లా కోర్టులో సొంత ఫైళ్ళు నిలబడటానికి పదేళ్ళు పడుతుంది. ఆ పదేళ్ళలో సగం సీనియర్ గారి వాయిదాలు అడగడంలోనే గడుస్తుంది. ఆ కాలాన్ని పార్టీ సభల్లో ఖర్చు చేసినవారు తరువాత కోర్టుకు తిరిగివచ్చి చూస్తే కక్షిదారులు వేరే చాంబర్లకు వెళ్ళిపోయి ఉంటారు. నా బ్యాచ్‌లో ఇలా జరిగినవారిని ముగ్గురిని చూశాను.

న్యాయాధికారి ఉద్యోగం గురించి ఎక్కువ చెప్పనవసరం లేదు. 2025 మే 20న సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పుతో జూనియర్ సివిల్ జడ్జి పరీక్షకు మూడేళ్ళ ప్రాక్టీసు మళ్ళీ తప్పనిసరి అయింది. నేరుగా జిల్లా జడ్జి కావాలంటే రాజ్యాంగం ఏడేళ్ళ ప్రాక్టీసు అడుగుతుంది. ఆ కుర్చీలో ఉన్నంతకాలం రాజకీయం మాట అనకూడదు. రెండింటినీ మనసులో పెట్టుకుని ఆ పరీక్ష రాయవద్దు.

ప్రభుత్వ ప్లీడరు పదవి: నడిమి దారిలా కనిపించే చిక్కు

పార్టీలో తిరిగే యువ వకీలుకు మొదట దక్కేది సాధారణంగా ఇదే. అధికారంలోకి వచ్చిన పార్టీ ఏ.జి.పి. (అసిస్టెంట్ గవర్నమెంట్ ప్లీడరు) గానో, ఏదైనా ప్రభుత్వ సంస్థ కేసులు చూసే స్టాండింగ్ కౌన్సెల్‌గానో వేయిస్తుంది. నెలనెలా ఫీజు వస్తుంది, రెవెన్యూ, మునిసిపల్ చట్టాలు లోతుగా తెలుస్తాయి, కలెక్టరేటులో పేరు తెలుస్తుంది. పని నేర్చుకోవడానికి ఇంతకంటే మంచి చోటు లేదని నేను కూడా అంటాను. ప్రభుత్వం మారితే పదవి పోతుందన్నది అందరికీ తెలిసిన నష్టమే. తెలియని నష్టం ఇంకొకటి ఉంది, అది రాజ్యాంగంలోని 191వ అధికరణంలో ఉంది: ప్రభుత్వం కింద లాభదాయక పదవిలో ఉన్నవారు శాసనసభ్యులు కాలేరు, చట్టసభ ప్రత్యేకంగా మినహాయించిన పదవులకు తప్ప.

వకీలు ప్రభుత్వం తరఫున వాదించడం పదవి అవుతుందా? ఈ ప్రశ్న 1960ల చివరి ఏళ్ళలో సుప్రీంకోర్టు ముందుకు రెండుసార్లు వచ్చింది, రెండు రకాల జవాబులు వచ్చాయి. రైల్వే కేసులు చూసే ప్యానెల్‌లో ఉన్న ఒక న్యాయవాది విషయంలో అది లాభదాయక పదవేనని కోర్టు తేల్చింది. తరువాత రాజస్థాన్‌లోని కోలాయత్ నుంచి గెలిచిన న్యాయవాది కాంతా కథూరియా కేసు వచ్చింది. ఒక నిర్మాణ సంస్థకూ ప్రభుత్వానికీ మధ్య నడుస్తున్న ఒకే ఒక మధ్యవర్తిత్వ వివాదంలో వాదించడానికి ఆమెను స్పెషల్ గవర్నమెంట్ ప్లీడరుగా నియమించారు. ఎన్నికలో ఓడిన అభ్యర్థి హైకోర్టుకు వెళ్ళి ఆమె ఎన్నికను రద్దు చేయించారు. అప్పీలు పెండింగులో ఉండగా రాజస్థాన్ శాసనసభ ఆ పదవికి వెనుకటి తేదీ నుంచి మినహాయింపునిస్తూ చట్టం చేసింది. 1969లో అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం విన్నప్పుడు, ఒక్క కేసు కోసం ఇచ్చిన పని పదవి కిందకు రాదని ముగ్గురు అన్నారు. ఆ ముగ్గురిలో అంతకుముందు మన ఆంధ్రప్రదేశ్ హైకోర్టుకు ప్రధాన న్యాయమూర్తిగా పనిచేసిన జస్టిస్ పి. జగన్మోహన్‌రెడ్డి ఒకరు. ప్రధాన న్యాయమూర్తి హిదయతుల్లాతో సహా ఇద్దరు అది పదవేనన్నారు. ఇంత పెద్ద న్యాయమూర్తుల మధ్యే ఏకాభిప్రాయం కుదరని చోట, “ఏమీ కాదులే, అందరూ అలాగే వేస్తున్నారు” అనే పార్టీ మిత్రుడి మాట నమ్మి నామినేషన్ వేయడం సాహసం.

మన రెండు రాష్ట్రాల్లోనూ మినహాయింపు పదవుల జాబితాకు మూలం 1953 నాటి జీతాలు, పింఛను, అనర్హతల తొలగింపు చట్టం. మీ పదవి అందులో ఉందా లేదా అన్నది ఆ చట్టం తాజా ప్రతిలో స్వయంగా చూసుకోండి. ఉన్నా సరే, నామినేషన్‌కు ముందే రాజీనామా ఇవ్వండి, ఇచ్చి ఊరుకోకుండా ఆమోదించిన ఉత్తర్వు చేతికి తీసుకోండి. నామినేషన్ల పరిశీలన రోజున రిటర్నింగ్ అధికారి ముందు ప్రత్యర్థి వకీలు లేచి అడిగేది ఆ కాగితాన్నే. ఆ రోజు గట్టెక్కినా, ఫలితం వచ్చిన 45 రోజుల్లోగా హైకోర్టులో ఎన్నికల పిటిషన్ వేసే హక్కు ప్రత్యర్థికి ఉంటుంది.

స్థానిక సంస్థల మెట్టు, టంగుటూరి ఉదాహరణ

నాకు అన్నిటికంటే నచ్చిన దారి ఇది. దీనికి మన చరిత్రలో గొప్ప ఉదాహరణ టంగుటూరి ప్రకాశం పంతులు. ఒంగోలు ప్రాంతంలో పేద కుటుంబంలో 1872లో పుట్టి, తన గురువు ఇమ్మానేని హనుమంతరావు నాయుడు వెంట రాజమండ్రికి చేరి, సెకండ్ గ్రేడ్ ప్లీడరుగా అక్కడ పేరు తెచ్చుకున్నారు. సెకండ్ గ్రేడ్ ప్లీడరంటే కింది కోర్టుల్లోనే వాదించగలిగే వకీలు. అలాంటివాడు 1904లో, ముప్పై రెండేళ్ళు కూడా సరిగా నిండని వయసులో, రాజమండ్రి మునిసిపల్ చైర్మన్ అయ్యారు. ఆ తరువాతే ఇంగ్లండు వెళ్ళి బారిస్టరై వచ్చి మద్రాసు హైకోర్టులో ప్రాక్టీసు పెట్టారు.

ఇక్కడ క్రమం గమనించండి. చాలామంది ప్రకాశం గారిని త్యాగానికి ఉదాహరణగానే చెబుతారు, ఆయన 1921లో బ్రహ్మాండంగా నడుస్తున్న ప్రాక్టీసును వదులుకున్న మాట నిజమే. కానీ ఆయన వదులుకోవడానికి ముందు దాన్ని సంపాదించుకున్నారు. మునిసిపాలిటీలో పాలన నేర్చుకున్నారు, హైకోర్టులో చట్టం నేర్చుకున్నారు, ఆ తరువాతే పూర్తిగా ప్రజాజీవితంలోకి వచ్చారు. 1937లో రాజాజీ మంత్రివర్గంలో రెవెన్యూ మంత్రి అయినప్పుడు జమీందారీ ప్రాంతాల రైతుల స్థితిగతులపై విచారణ సంఘానికి అధ్యక్షత వహించి, భూమిపై హక్కు సాగుచేసే రైతుదేనన్న వాదనను నివేదికలో నిలబెట్టగలిగారంటే, ఆ బలం వెనుక కౌలు దస్తావేజులు, శిస్తు రసీదులు చదివిన వకీలు ఉన్నాడు. ఆ నివేదిక వెంటనే చట్టం కాలేదు. మంత్రివర్గం 1939లో రాజీనామా చేసింది. జమీందారీలను రద్దు చేసిన మద్రాసు చట్టం 1948లో వచ్చింది. 1953 అక్టోబరు 1న కర్నూలు రాజధానిగా ఏర్పడిన ఆంధ్ర రాష్ట్రానికి ఆయన తొలి ముఖ్యమంత్రి అయ్యారు, మరుసటి ఏడాది నవంబరులో ఒకే ఒక్క ఓటు తేడాతో ఆ ప్రభుత్వం పడిపోయింది. చేతికందిన డబ్బంతా పత్రికకూ ఉద్యమానికీ ధారపోసిన ఆయన చివరి రోజులు ఎంత ఇబ్బందిగా గడిచాయో పెద్దలు ఇప్పటికీ చెప్పుకుంటారు. కుటుంబ బాధ్యతలున్న ఈనాటి యువ వకీలు ఆ క్రమాన్ని తీసుకోవాలి. ఆ ఖర్చును తీసుకోమని చెప్పే ధైర్యం నాకు లేదు.

నరసరావుపేట వకీలు కాసు బ్రహ్మానందరెడ్డి కూడా గుంటూరు జిల్లా బోర్డులో పనిచేసిన తరువాతే పెద్ద పదవులకు వెళ్ళి 1964లో ముఖ్యమంత్రి అయ్యారు. ఈనాటి లెక్కలో ఈ మెట్టు అంటే వార్డు కౌన్సిలరు, ఎంపీటీసీ, జడ్పీటీసీ స్థానాలు. 21 ఏళ్ళు నిండితే చాలు. ఎంపీటీసీ, జడ్పీటీసీ ఎన్నికలు పార్టీ గుర్తులపై జరుగుతాయి, సర్పంచి ఎన్నిక పార్టీ గుర్తు లేకుండా జరుగుతుంది. కోర్టు పని పగలు, వార్డు పని ఉదయమూ సాయంత్రమూ అనుకుంటే ప్రాక్టీసు చెదరదు. మురుగు కాలువ గట్టున నిలబడి ఇద్దరు పొరుగువారి తగువు తీర్చడం, సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 39 కింద ఇంజంక్షన్ తేవడం కంటే కష్టమని ఒక్క నెలలో తెలిసిపోతుంది. అది తెలియకుండా శాసనసభకు వెళ్ళిన వకీళ్ళు సభలో బాగా మాట్లాడి నియోజకవర్గంలో ఓడిపోతుంటారు.

ఈ దారిలో ఇబ్బంది రిజర్వేషన్ల మార్పు. ఈసారి మీకు అనుకూలంగా ఉన్న స్థానం వచ్చేసారి వేరే వర్గానికి వెళ్ళవచ్చు, దానికి సిద్ధపడి ఉండాలి. మహిళా న్యాయవాదులకు మాత్రం ఇదే తలుపు అని గట్టిగా చెబుతాను. రెండు రాష్ట్రాల్లోనూ స్థానిక సంస్థల్లో సగం స్థానాలు మహిళలవి. శాసనసభల్లో మూడింట ఒక వంతు స్థానాలను మహిళలకు కేటాయించే 106వ రాజ్యాంగ సవరణ 2023లో వచ్చింది, అది జనగణన, నియోజకవర్గాల పునర్విభజన తరువాత అమలవుతుంది. ఆ రోజు పార్టీలు అభ్యర్థుల కోసం వెతికేటప్పుడు, ఒక పదవీకాలం పూర్తిచేసి, చట్టం తెలిసిన మహిళ పేరు జాబితాలో ముందుండాలంటే ఇప్పుడే మొదలుపెట్టాలి.

పట్టభద్రుల స్థానం: వకీళ్ళు పట్టించుకోని తలుపు

శాసనమండలి అనగానే “అక్కడేముంది” అనేవారు ఎక్కువ. ఆంధ్రప్రదేశ్ మండలిలో 58 స్థానాలు, తెలంగాణలో 40 స్థానాలు ఉన్నాయి. వాటిలో పట్టభద్రులు నేరుగా ఎన్నుకునేవి ఆంధ్రప్రదేశ్‌లో 5, తెలంగాణలో 3. అభ్యర్థి వయసు 30 నిండాలి, పదవీకాలం ఆరేళ్ళు. ఓటరు డిగ్రీ పొంది మూడేళ్ళు దాటి ఉండాలి. అన్నిటికంటే ముఖ్యమైన సంగతి, ఈ ఓటర్ల జాబితా ప్రతి ఎన్నికకూ కొత్తగా తయారవుతుంది. గతసారి ఓటు వేసినవారు కూడా మళ్ళీ నమోదు దరఖాస్తు అయిన ఫారం 18 నింపాలి. అందుచేత ఈ ఎన్నికలో సగం గెలుపు పోలింగుకు నెలల ముందు, నమోదు గడువులోనే తేలిపోతుంది.

ఇంకొక పోలిక చెబుతాను. రాష్ట్ర బార్ కౌన్సిల్ సభ్యులను న్యాయవాదుల చట్టం ప్రకారం ప్రాధాన్య ఓటు పద్ధతిలో, అంటే అభ్యర్థుల పేర్ల ఎదుట ఒకటి, రెండు, మూడు అని ప్రాధాన్య క్రమం రాసి, ఎన్నుకుంటారు. పట్టభద్రుల ఎన్నిక కూడా ప్రాధాన్య ఓటే. మొదటి ప్రాధాన్యం రాకపోయినా రెండవది అడగడంలో మొహమాటం ఉండకూడదనీ, తక్కువ ఓట్లు వచ్చినవారిని ఒక్కొక్కరిగా తప్పించే ఎలిమినేషన్ రౌండ్లలో ఎవరి ఓట్లు ఎవరికి వెళ్తాయో అంచనా వేయాలనీ బార్ కౌన్సిల్‌కు పోటీ చేసినవారికి అనుభవంతో తెలుసు. ఆ నేర్పు ఇంకే వృత్తివారికీ ఇంత సహజంగా దొరకదు. హైదరాబాద్, రంగారెడ్డి, మహబూబ్‌నగర్ పట్టభద్రుల స్థానం నుంచి 2015లో గెలిచిన ఎన్. రామచందర్‌రావు వృత్తిరీత్యా న్యాయవాది. అంతకుముందు అదే స్థానంలో ఆచార్యుడు కె. నాగేశ్వర్ స్వతంత్ర అభ్యర్థిగా గెలిచారు. పార్టీ టికెట్టు లేకుండా చట్టసభకు వెళ్ళే అవకాశం ఇంకా మిగిలి ఉన్నది ఇలాంటిచోటే. అయితే 2021లో అదే స్థానానికి 90 మందికి పైగా పోటీపడ్డారు, బ్యాలెట్ వార్తాపత్రికంత అయింది, లెక్కింపు రోజుల తరబడి సాగింది, రామచందర్‌రావు ఓడిపోయారు. మూడు ఉమ్మడి జిల్లాల మేర ఉండే నియోజకవర్గంలో తిరగడం కూడా చిన్న పని కాదు.

మండలి అధికారాలు పరిమితమైనవి. ద్రవ్య బిల్లును 14 రోజులకు మించి ఆపలేదు, మామూలు బిల్లును కొన్ని నెలలు మాత్రమే ఆలస్యం చేయగలదు. మండలి ఉనికే శాసనసభ దయపై ఉంటుంది: 1985లో రద్దయింది, 2007లో తిరిగి వచ్చింది, 2020 జనవరిలో ఆంధ్రప్రదేశ్ శాసనసభ మళ్ళీ రద్దుకు తీర్మానించి 2021 నవంబరులో ఆ తీర్మానాన్ని వెనక్కు తీసుకుంది. అయినా బిల్లును వాక్యం వాక్యంగా చదివి సవరణలు ప్రతిపాదించాలనుకునే వకీలుకు, రోజూ ఉదయం ఇంటిముందు సిఫారసు ఉత్తరాల కోసం వరుస కట్టే జనం కొంత తక్కువగా ఉండే ఈ సభ అనువైనదని నా అభిప్రాయం.

నేరుగా శాసనసభ టికెట్టు

తెలంగాణలో 119, ఆంధ్రప్రదేశ్‌లో 175 స్థానాలు. 25 ఏళ్ళ వయసు, 10,000 రూపాయల డిపాజిట్టు, ఎస్సీ, ఎస్టీ అభ్యర్థులకు 5,000. పోలైన చెల్లుబాటు ఓట్లలో ఆరో వంతు దాటకపోతే డిపాజిట్టు పోతుంది. ఖర్చు పరిమితి 2022 నుంచి 40 లక్షలు. ఆ పరిమితి ఎంతవరకు పాటింపులో ఉందో ఊళ్ళో అందరికీ తెలుసు. అందుకే కుటుంబ ఆస్తి లేని వకీలు ఈ దారిలోకి అప్పుతో వెళ్ళకూడదని ఖండితంగా చెబుతున్నాను. ఎన్నికల అప్పు తీర్చవలసిన శాసనసభ్యుడికి స్వతంత్రంగా మాట్లాడే స్వేచ్ఛ ఉండదు.

గెలిచిన తరువాత కూడా మీరు ఊహించుకున్న సభ ఎదురుకాదు. 1985లో పార్టీ ఫిరాయింపులను ఆపడానికి రాజ్యాంగంలో చేర్చిన పదవ షెడ్యూలు ప్రకారం పార్టీ విప్‌కు విరుద్ధంగా ఓటు వేస్తే సభ్యత్వం పోతుంది. కోర్టులో మనకు నచ్చని కేసును తీసుకోకుండా ఉండవచ్చు, సభలో నచ్చని బిల్లుకు చేయి ఎత్తవలసి వస్తుంది. మంత్రి పదవి మీద ఆశ పెట్టుకునేవారు లెక్క చూసుకోవాలి: 2003 నాటి 91వ రాజ్యాంగ సవరణ ప్రకారం మంత్రులు ముఖ్యమంత్రితో కలిపి ఆంధ్రప్రదేశ్‌లో 26 మంది, తెలంగాణలో 18 మంది మించకూడదు. అంటే ఎక్కువమందికి జీవితాంతం మిగిలేది ప్రశ్నోత్తరాలు, జీరో అవర్, కమిటీలు. వకీలు విలువ కనిపించేది ఆ కమిటీల్లోనే. ప్రభుత్వం చట్టం కింద చేసే నియమాలను పరిశీలించే సబార్డినేట్ లెజిస్లేషన్ కమిటీలో పత్రికలవారు ఉండరు, చప్పట్లు ఉండవు. కానీ ఒక జీవో మాతృచట్టం హద్దు దాటిందా లేదా అని చూడటం మనం రోజూ రిట్ పిటిషన్లలో చేసే పనే.

ఈ దారిలో వకీలుగా వెళ్ళి చట్టం పనినే నమ్ముకున్నవారిలో పి.వి. నరసింహారావు నాకు ఆదర్శం. నాగపూర్‌లో న్యాయశాస్త్రం చదివి, హైదరాబాదులో బూర్గుల రామకృష్ణారావు దగ్గర జూనియరుగా చేరారు. 1957 నుంచి వరుసగా నాలుగుసార్లు మంథని నుంచి శాసనసభకు గెలిచారు. 1962లో న్యాయశాఖ మంత్రి అయ్యారు, తరువాత దేవాదాయ శాఖ కూడా చూశారు. ఆయన ముఖ్యమంత్రిగా ఉండగా రూపుదిద్దుకున్న వ్యవసాయ భూ గరిష్ఠ పరిమితి చట్టం 1973లో మొదటి నంబరు చట్టంగా వచ్చింది. ఆ ప్రయత్నానికి ఆయన చెల్లించిన మూల్యం కూడా చిన్నది కాదు, 1973 జనవరిలో పదవి వదలవలసి వచ్చింది. దామోదరం సంజీవయ్య దారి ఇంకొక రకం: 1950లో న్యాయవాదిగా నమోదై, అదే ఏడాది తాత్కాలిక పార్లమెంటుకు వెళ్ళారు, పదేళ్ళలో రాష్ట్రానికి తొలి దళిత ముఖ్యమంత్రి అయ్యారు. ప్రాక్టీసు తక్కువ ఉన్నా వెళ్ళవచ్చనడానికి ఆయన పేరు చెప్పేవారికి నేను చెప్పేది ఒకటే, ఆ కాలంలో పార్టీలు చదువుకున్న యువకులను వెతికి పట్టుకునేవి.

గెలిస్తే కోర్టు మానుకోవాలా

చట్టం ప్రకారం అవసరం లేదు. బార్ కౌన్సిల్ 49వ నియమం పూర్తికాల జీతపు ఉద్యోగి ప్రాక్టీసు చేయకూడదంటుంది. శాసనసభ్యులు ఆ కోవలోకి రారని 2018 సెప్టెంబరు 25న సుప్రీంకోర్టు అశ్వినీకుమార్ ఉపాధ్యాయ్ కేసులో స్పష్టంగా చెప్పింది. చట్టం ఒప్పుకున్నా నేను కొన్ని హద్దులు గీస్తాను. మీరు ఓటు వేసిన చట్టం చెల్లుబాటుపై వచ్చే కేసు తీసుకోవద్దు. మీ నియోజకవర్గంలోని పోలీసు స్టేషన్‌లో నమోదైన నేరంలో నిందితుడి తరఫున నిలబడవద్దు, ఎందుకంటే ఆ ఎస్.ఐ. మీ ముందు నిలుచున్నది వకీలు ముందా, ఎమ్మెల్యే ముందా అన్నది ఆయనకే తెలియదు. సివిల్ దావాల్లో కూడా పాత కక్షిదారులకు సలహా ఇవ్వండి, కొత్త వకాలత్‌లు తగ్గించండి.

నా సలహా వయసును బట్టి, ఇంటి పరిస్థితిని బట్టి మారుతుంది. పదేళ్ళ ప్రాక్టీసు లేనివారు, ఇంట్లో ఇంకొక ఆదాయం లేనివారు ఫైళ్ళు వదలవద్దు, వార్డు లేదా మండల స్థాయిలో ఒక్కసారి పోటీచేసి చూడండి. పదిహేనేళ్ళు దాటి, బార్ అసోసియేషన్‌లో పనిచేసి, రెండు మూడు జిల్లాల్లో ఉపాధ్యాయులూ ఉద్యోగులూ పేరు గుర్తుపట్టేవారైతే పట్టభద్రుల స్థానం చూడండి. స్థానిక సంస్థలో ఒక కాలం పూర్తిచేసి, అప్పు లేకుండా నిలబడగలిగి, చాంబర్‌ను నడిపే నమ్మకమైన సహచరుడు ఉన్నవారికే నేరుగా శాసనసభ టికెట్టు అడగమని చెబుతాను. ఏ.జి.పి. పదవి వస్తే తీసుకోండి, పని నేర్చుకోవడానికి మాత్రమే.

తెలంగాణ వకీళ్ళకు ఇంకొక చిన్న ఇబ్బంది ఉంది. 2018లోనూ 2023లోనూ మన ఎన్నికలు నవంబరు, డిసెంబరు నెలల్లో, కోర్టులు పూర్తిగా నడిచే కాలంలో వచ్చాయి. ఆంధ్రప్రదేశ్‌లో ఏప్రిల్, మే నెలల్లో రావడం వల్ల అక్కడివారికి వేసవి సెలవులు కొంత కలిసివస్తాయి. కాబట్టి మన దగ్గర నామినేషన్‌కు కనీసం ఆరు నెలల ముందే ఆఫీసు సర్దుకోవాలి. నడుస్తున్న ప్రతి ఫైలు కక్షిదారును పిలిచి స్వయంగా చెప్పి, వారు కోరుకున్న వకీలుకు నో అబ్జెక్షన్ రాసి వకాలత్ మార్పించండి. తీసుకున్న ఫీజులో చేయని పనికి తగిన భాగం తిరిగి ఇవ్వండి, అసలు దస్తావేజులు రసీదు తీసుకుని అప్పగించండి. నామినేషన్‌తో పాటు ఇచ్చే ఫారం 26 అఫిడవిట్‌లో చివరి అయిదేళ్ళ ఆదాయపు పన్ను వివరాలు, పెండింగు కేసులు, కుటుంబ ఆస్తులు, అప్పులు రాయాలి, ఒక్క గడి ఖాళీగా వదిలినా పరిశీలన రోజున అభ్యంతరం వస్తుంది. మొన్న వచ్చిన జూనియరుతో ఆ ఫారం నమూనా ఒకటి నా బల్ల మీదే నింపించాను, రెండవ పేజీలో ఆగిపోయి, వెనక్కి వెళ్ళి నాన్నగారి పొలం పత్రాలు తెచ్చుకుంటానని లేచాడు.